జిల్లా ఆసుపత్రికి ఎండోస్కోపు ఒక్కటే ఇస్తే చాలదు: వైద్య, ఆరోగ్య శాఖ మంత్రిగారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్ వైద్య, ఆరోగ్య శాఖ మంత్రిగారికి నమస్కారాలు.

నేను ప్రభుత్వ ఆసుపత్రి ఎండోస్కోపీ విభాగంలో ఏళ్ల తరబడి స్టాఫ్ నర్సుగా పనిచేసి పదవీ విరమణ చేశాను. జిల్లా ఆసుపత్రులకు ఎండోస్కోపు (నోటి ద్వారా కడుపులోకి పంపి లోపలి భాగాలను తెర మీద చూపే కెమెరా గొట్టం) మంజూరు చేసేటప్పుడు దాన్ని రాత్రింబవళ్లు నడిపే సిబ్బందికీ, శుభ్రపరిచే గదికీ, మరమ్మతులకూ అదే ఉత్తర్వులో నిధులు కేటాయించాలని కోరడానికి ఈ లేఖ రాస్తున్నాను.

సిర్రోసిస్‌తో కాలేయం గట్టిపడితే పేగుల నుంచి వచ్చే రక్తం సాఫీగా ముందుకు సాగదు. ఆ ఒత్తిడికి అన్నవాహికలోని సిరలు ఉబ్బి, ఒక్కోసారి చిట్లిపోతాయి. అప్పుడు రోగి రక్తం కక్కుకుంటాడు, మలం తారులా నల్లగా పోతుంది. ఇలాంటి రోగికి 12 గంటల్లోపు, కడుపులో పుండు నుంచి రక్తం కారుతున్న రోగికి 24 గంటల్లోపు ఎండోస్కోపీ చేయాలని వైద్య మార్గదర్శకాలు చెబుతున్నాయి. ఎండోస్కోపు గొట్టం చివర నుంచి చిన్న రబ్బరు బ్యాండు జారి ఉబ్బిన సిరను బిగించగానే, అప్పటిదాకా ఎర్రగా నిండిపోయిన తెర తేటపడడం నేను ఎన్నోసార్లు చూశాను. పాడేరు కొండల మీది పల్లె నుంచి బయలుదేరిన మనిషి ఘాట్ రోడ్డు దిగి, వంద కిలోమీటర్లకు పైగా ప్రయాణించి విశాఖ చేరేసరికి ఆ గంటల్లో ఎన్ని మిగులుతాయి? 2007లో ఆరోగ్యశ్రీగా మొదలై ఇప్పుడు డాక్టర్ ఎన్టీఆర్ వైద్య సేవగా నడుస్తున్న పథకం చికిత్స ఖర్చు భరిస్తుంది, నిజమే. దారిలో పోయిన సమయాన్ని మాత్రం ఏ కార్డూ తిరిగి ఇవ్వలేదు. అందుకే సిరల్లో ఒత్తిడి తగ్గించే టెర్లిప్రెసిన్ లేదా ఆక్ట్రియోటైడ్ ఇంజెక్షను, దానితోపాటు యాంటీబయాటిక్ ఏరియా ఆసుపత్రిలోనే మొదలుపెట్టి, ఆ తర్వాతే 108లో పంపేలా స్పష్టమైన ఆదేశం ఉండాలి.

ఇక ఎవరూ పెద్దగా మాట్లాడని విషయం ఒకటి ఉంది. రోగి లేచి వెళ్లగానే ఎండోస్కోపు లోపలి మార్గంలోంచి శుభ్రపరిచే ద్రావణం లాగాలి, లీకు పరీక్ష చేయాలి, మూడు మిల్లీమీటర్ల వెడల్పు కూడా లేని ఆ సన్నని దారిలో బ్రష్షు దూర్చి తోమాలి. ఆ తర్వాత గ్లుటరాల్డిహైడ్ అనే ఘాటైన క్రిమిసంహారక ద్రావణంలో నిర్ణీత సమయం నానబెట్టి, కడిగి, పూర్తిగా ఆరబెట్టి, నిలువుగా వేలాడదీయాలి. ఇందులో ఒక్క మెట్టు తప్పినా ఒకరి జబ్బు మరొకరికి అంటుకునే ప్రమాదం ఉంది. బయట పరగడుపున పదిహేను మంది కూర్చుని, లోపల ఒక్కటే స్కోపు ఉన్నప్పుడు ఆ నానబెట్టే నిమిషాల మీదే అందరి కళ్లూ పడతాయి. తొందరపడేవారిని తప్పుబట్టి ఏం లాభం? రెండో స్కోపు ఇవ్వాలి. లీకు పరీక్ష చేయకుండా నీళ్లలో ముంచితే లోపలికి తడి చేరి పరికరం పాడవుతుంది. నిర్వహణ ఒప్పందం లేక, బాగుచేయించే డబ్బు ఏ పద్దులో ఉందో తేలక, కొత్త స్కోపు బీరువాలో మూలపడి ఉండడం నా ఉద్యోగ కాలంలో నేను కళ్లారా చూశాను. ఆ బీరువా తాళం చెవి పెట్టుకుని రోగులను పైఆసుపత్రికి వెళ్లమని చెప్పడం నన్ను ఇప్పటికీ బాధపెడుతుంది.

కడుపునొప్పి అనగానే అల్ట్రాసౌండ్ స్కాన్ చేయించి, నార్మల్ అని ఉన్న కాగితం చూసి తేలిగ్గా ఊపిరి పీల్చుకునే కుటుంబాలు కోకొల్లలు. పిత్తాశయంలో రాళ్లు, కాలేయం వాపు, పొట్టలో నీరు స్కాన్‌లో బాగా కనిపిస్తాయి. కానీ కడుపు లోపలి పొర మీది పుండు, తొలి దశ క్యాన్సర్ అందులో సాధారణంగా కనబడవు. మింగుడు పడకపోవడం, కారణం తెలియకుండా బరువు తగ్గడం, రక్తహీనత ఉన్నవారికి కూడా గ్యాస్ ట్రబుల్ అంటూ నెలల తరబడి మాత్రలు ఇస్తూ పోవడం ఆగాలంటే, ఈ లక్షణాలుంటే గొట్టం పరీక్షకు పంపాలని ప్రాథమిక ఆరోగ్య కేంద్రాల వైద్యులకు రాతపూర్వకంగా చెప్పాలి.

ఎండోస్కోపీలో తెలుగు వైద్యులు ప్రపంచానికి పాఠాలు చెబుతున్నారు. హైదరాబాదులో పనిచేస్తున్న డాక్టర్ డి.నాగేశ్వరరెడ్డి గారికి 2025లో పద్మవిభూషణ్ దక్కింది. ఆ నైపుణ్యం జిల్లాలకు చేరడానికి మీ శాఖ పూనుకుంటే చాలు. జిల్లా ఆసుపత్రుల ఫిజీషియన్లకు, సర్జన్లకు బోధనాసుపత్రుల్లో రక్తస్రావం ఆపే బ్యాండ్లు, క్లిప్పులు వేయడంలో శిక్షణ ఇప్పించండి. ఒక్కో విభాగానికి కనీసం రెండు స్కోపులు, గాలి బయటకు లాగే ఫ్యానుతో వేరుగా కడిగే గది, ఆ పనే చేసే శిక్షణ పొందిన టెక్నీషియను, ఐదేళ్ల మరమ్మతు ఒప్పందం కొనుగోలు టెండరులోనే చేర్చండి. రాత్రి పిలిస్తే వచ్చే బృందానికి ప్రత్యేక భత్యం ఇవ్వండి. ఏ జిల్లా ఆసుపత్రిలో స్కోపు పనిచేస్తోంది, ఎక్కడ ఎన్నాళ్లుగా ఆగిపోయింది అన్న వివరాలను ప్రతి నెలా ప్రజలకు కనబడేలా ప్రకటించండి.

భవదీయురాలు,
ఎండోస్కోపీ విభాగపు విశ్రాంత స్టాఫ్ నర్సు