నేలలోంచి పొగ లేచే ఊరు

ఒరేయ్ రమణా,

ఎలా ఉన్నావు? మోకాలి నొప్పి తగ్గిందా? మొన్న ఫోన్‌లో, అమెరికాలో నేనుండే రాష్ట్రం గురించి "మీ కాన్సాస్ అంటే కౌబాయ్‌లూ తుపాకులేగా" అన్నావు. దానికి జవాబు రెండు ముక్కల్లో తేలేది కాదు, అందుకే అప్పుడు ఊరుకున్నాను. ఇవాళ తీరిక దొరికింది.

ఇక్కడి కౌబాయ్‌ల ఊరు డాడ్జ్ సిటీ గురించి సినిమాల పుణ్యమా అని నీకు చాలానే తెలుసు. నేను చెప్పాలనుకుంటున్నది అక్కడికి ఉత్తరాన, సాలమన్ నది దగ్గర ఉన్న నికోడెమస్ గురించి. బానిసత్వం నుంచి బయటపడ్డ నల్లజాతి కుటుంబాలు తమ కోసం తాము కట్టుకున్న ఊరు. బానిసత్వం మీద ఇక్కడ ఉత్తరాదికీ దక్షిణాదికీ జరిగిన అంతర్యుద్ధం తర్వాత మిసిసిపీ నదికి పడమటి వైపు అలా వెలసిన ఊళ్లలో ఇప్పటికీ నిలిచి ఉన్న అతి పాతది ఇదే.

1865లో చట్ట ప్రకారం బానిసత్వం పోయింది. భూమి మాత్రం పాత దొరల చేతుల్లోనే ఉండిపోయింది. దక్షిణాదిలో చాలామంది పాలికి సాగు చేసి, పంట చేతికొచ్చేసరికి అప్పుకి జమ అయిపోయిందని ఉత్త చేతులతో ఇంటికెళ్లేవాళ్లు. ఈ బాధేమిటో నీకు నేను వివరించక్కర్లేదు. మరోపక్క 1862 నాటి హోమ్‌స్టెడ్ చట్టం ఉంది: పడమటి బీడుల్లో 160 ఎకరాలు తీసుకుని, ఐదేళ్లు అక్కడే ఉండి సాగు చేస్తే పట్టా నీదే. పైగా కాన్సాస్ అంటే బానిసత్వం మీద జాన్ బ్రౌన్ అనే తెల్లాయన ఆయుధం పట్టి పోరాడిన నేల. ఆ పేరే వాళ్లకి సగం ధైర్యం.

1877లో డబ్ల్యూ. ఆర్. హిల్ అనే తెల్ల భూవ్యాపారి, డబ్ల్యూ. హెచ్. స్మిత్ అనే నల్లజాతి పాస్టర్, ఇంకొందరు కలిసి కంపెనీ పెట్టి ఊరికి ప్లాట్లు వేశారు. దక్షిణాది రాష్ట్రమైన కెంటకీలో చర్చిల చుట్టూ తిరిగి, ఈ నేల బంగారం పండుతుందని ప్రచారం చేశారు. ఆ సెప్టెంబరులో లెక్సింగ్టన్ వైపు నుంచి మూడు వందల మందికి పైగా వచ్చారు. రైలు ఎల్లిస్ అనే ఊరి దాకానే. అక్కడి నుంచి సుమారు 35 మైళ్లు పిల్లాజెల్లాతో బీడుకి అడ్డంపడి వెళ్లాలి. తీరా వచ్చి చూస్తే ఊరు లేదు, చెట్టు లేదు, కనుచూపు మేరా గడ్డి. దాదాపు 60 కుటుంబాలు వచ్చిన దారినే వెనక్కి వెళ్లిపోయాయి. హిల్ మీద నాకు మంచి అభిప్రాయం లేదు. చేతిలో పైసా లేనివాళ్లకి లేని ఊరిని చూపించి డబ్బు తీసుకోవడం మోసమే.

తర్వాతి వసంతంలో వచ్చిన జట్టులో విల్లియానా హిక్‌మన్ అనే ఆవిడ ఉంది. పాస్టర్ డేనియల్ హిక్‌మన్ భార్య. ఎల్లిస్‌లో మకాం వేసినప్పుడు తట్టు సోకి ఆ జట్టులో కొందరు పిల్లలు చనిపోయారు. ఆవిడకీ ఒంట్లో బాగాలేదు. రోడ్డు లేదు కాబట్టి దిక్సూచి పట్టుకుని నడిచారు. చివరికి మగవాళ్లు "అదిగో నికోడెమస్!" అని కేకలేస్తే, కళ్లింత చేసుకుని చూసినా ఆవిడకి ఏమీ కనిపించలేదట. ఎక్కడ అని అడిగితే భర్త వేలు పెట్టి చూపించాడు: నేలలోంచి అక్కడక్కడ పొగ లేస్తోంది. మనుషులు నేలలో గోతులు తవ్వుకుని అందులో కాపురాలుంటున్నారు, ఆ పొగ వాళ్ల పొయ్యిలది. అది చూసి ఏడుపొచ్చేసిందని ఆవిడే తర్వాత చెప్పుకుంది.

ఏడ్చింది గానీ వెనక్కి పోలేదు చూశావా. నన్ను కదిలించింది అదే.

ఆ గోతి ఇళ్లు మిట్ట పక్కన తవ్వుకునేవాళ్లు. పైన కర్రలు పరిచి, వేళ్లతో సహా కోసిన గడ్డి పెళ్లలు కప్పేవాళ్లు. కలప లేదు కాబట్టి పొయ్యిలోకి ఎండు పేడ, పొద్దుతిరుగుడు కాడలు ఏరి తెచ్చుకునేవాళ్లు. నాగళ్లు, గుర్రాలు చాలామందికి లేవు. పారతోనే బీడు తిరగేసి విత్తనం వేశారు. ఊళ్లో పుట్టిన మొదటి బిడ్డ హెన్రీ విలియమ్స్ 1877 అక్టోబరులో ఇలాంటి గోతి ఇంట్లోనే కళ్లు తెరిచాడు.

మొదటి చలికాలం తిండికి కటకట. అప్పుడు ఆదుకున్నదెవరో తెలుసా? వేట ముగించుకుని తిరిగి వెళ్తున్న ఓసేజ్ అనే అమెరికా ఆదివాసీ తెగవాళ్లు. తమ వేట మాంసం వీళ్లకి పంచి వెళ్లారు. ఆ ఓసేజ్‌లని అప్పటికి కొన్నేళ్ల ముందే కాన్సాస్ నుంచి దక్షిణానికి పంపేశారు. నేల పోగొట్టుకున్నవాళ్లు నేల కోసం వచ్చినవాళ్లకి అన్నం పెట్టారన్నమాట. సరిహద్దు ఊళ్ల చరిత్ర అంటూ తుపాకుల కథలు చెప్పేవాళ్లు ఈ ఒక్క సంగతీ చెప్పరెందుకో.

నిలదొక్కుకున్నాక ఊరు గబగబా పెరిగింది. జెన్నీ ఫ్లెచర్ పిల్లలకి చదువు చెప్పింది, ఆవిడ భర్త జాకరీ పోస్ట్‌మాస్టరై హోటల్ కూడా నడిపాడు. బ్యాంకు, దుకాణాలు, చర్చిలు, రెండు వార్తాపత్రికలు వచ్చాయి. ఇక్కడ స్థిరపడిన ఇ. పి. మెక్‌కేబ్ 1882లో కాన్సాస్ రాష్ట్ర ఆడిటర్‌గా గెలిచాడు. రాష్ట్రస్థాయి పదవికి ఎన్నికైన తొలి నల్లజాతి మనిషి అక్కడ ఆయనే.

దెబ్బ కొట్టింది రైలు. లైను తమ ఊరి మీదుగా వేయించుకోవాలని 1887లో ఊరివాళ్లు 16,000 డాలర్ల బాండ్లకి ఓటేశారు. గోతుల్లోంచి బయటపడి పదేళ్లయినా కాని మనుషులకి అది ఎంత డబ్బో ఆలోచించు! మిస్సోరీ పసిఫిక్ అనే ఆ రైలు కంపెనీ రానే రాలేదు. 1888లో యూనియన్ పసిఫిక్ అనే ఇంకో కంపెనీ నదికి అవతల పట్టాలేసింది. అక్కడ బోగ్ అనే ఊరు లేచింది. దుకాణాలన్నీ అటు తరలిపోయాయి, కొందరు కట్టిన భవనాలని కూడా లాక్కెళ్లిపోయారు. రైలు తప్పిన ఊరు తుడిచిపెట్టుకుపోవడం ఆ రోజుల్లో మామూలే. నికోడెమస్ మాత్రం చిక్కిపోయింది గానీ చావలేదు. పొలాలున్నవాళ్లు పొలాలు వదల్లేదు.

ఇప్పుడు అక్కడ పట్టుమని పాతికమంది లేరు. కానీ ఏటా జూలై ఆఖర్లో ఎక్కడెక్కడి వారసులూ దిగుతారు, ఊరేగింపు, చర్చి, భోజనాలు. మొదట్లో ఆ పండగ ఆగస్టు 1న జరిగేది, 1834లో బ్రిటిష్ వలసల్లో బానిసత్వం రద్దయిన రోజు. ఆ రద్దు తర్వాతే కదా చెరకు తోటల్లో పనికి మనవాళ్లని మారిషస్‌కి ఓడలెక్కించింది! నేను ఆ ఊరికి వెళ్లినప్పుడు పాత టౌన్‌షిప్ హాల్లో ఆ తొలి కుటుంబాల ఫొటోలు చూస్తూ ఇదే అనుకున్నాను. 1996లో ఆ ఊరిని జాతీయ చారిత్రక స్థలంగా ప్రకటించారు, దాని వెనక ఉన్నది ఆ వారసుల పట్టుదలే.

వచ్చే వేసవిలో అమ్మాయి దగ్గరికి వస్తానన్నావు కదా, తిరుగు టికెట్ ఆగస్టులోకి పెట్టుకో. కాన్సాస్ సిటీ నుంచి కారులో ఐదు గంటలు, ఆ పండక్కి నిన్ను తీసుకెళ్తాను. చెల్లెమ్మని అడిగానని చెప్పు. నీ మోకాలి సంగతి డాక్టరేమన్నాడో తప్పకుండా రాయి.

ఇట్లు
నీ శీను