డ్యూయల్ బేసిస్‌ను బట్టీ పట్టించకండి

ఎడిటర్ గారికి,

మీ చదువు పేజీలో ఇచ్చిన లెక్కల బిట్లలో 'డిస్క్రిమినెంట్ సున్నా కాకపోతే డ్యూయల్ బేసిస్ ఉంటుంది' అన్నది చూశాను. తప్పేం లేదు. (బేసిస్ అంటే లెక్కలోని ఏ సంఖ్యనైనా గుణకాలతో కలిపి ఒకే తీరుగా రాయడానికి సరిపడే కొన్ని మూలకాలు. డ్యూయల్ బేసిస్ అంటే వాటిలో ఒక్కోదానికి ఒక జత: తన దానితో గుణించి ట్రేస్ అనే లెక్క తీస్తే 1, మిగతావాటితో తీస్తే 0 రావాలి. డిస్క్రిమినెంట్ అంటే బేసిస్ నుంచి లెక్కగట్టే ఒక విలువ.) కానీ నల్లగొండలో ఎమ్మెస్సీ పిల్లలకు ట్యూషన్ చెప్తుంటాను కాబట్టి అడుగుతున్నా, ఆ ఒక్క ముక్క బట్టీ పడితే ఏమొస్తుంది? ఒక్క డ్యూయల్ బేసిస్ కట్టి చూపించమంటే పెన్ను కదలదు. పోయిన వారం దేవరకొండ నుంచి బస్సులో వచ్చే పిల్లాడు 'సార్, 1కి జత 1 కాదా?' అన్నాడు. వాణ్ని ఏమనను, ఆ వయసులో నేనూ అట్లనే అనుకున్నా.

పెద్ద ఫీల్డు (కూడిక, తీసివేత, గుణకారం, భాగహారం చెల్లే మూలకాల గుంపు) అక్కర్లేదు, నాలుగు మూలకాలది చాలు: 0, 1, ఒమేగా, ఒమేగా+1. ఇందులో 1+1 సున్నా, ఒమేగా వర్గం ఒమేగా+1. ఇక్కడ ట్రేస్ అంటే మూలకానికి దాని వర్గం కలపడమే. 1 ట్రేస్ 0, ఒమేగాది 1, ఒమేగా+1 దీ 1. ఇప్పుడు బేసిస్ 1, ఒమేగా అనుకుంటే డ్యూయల్ వరుసగా ఒమేగా+1, 1 వస్తుంది. అంటే ఏ మూలకాన్నైనా ఒమేగా+1తో గుణించి ట్రేస్ తీస్తే 1 ముందుండే గుణకం చేతికొస్తుంది, సమీకరణాలు సాధించే పని లేదు. అదే 1 పక్కన ఒమేగా బదులు ఒమేగా+1 పెట్టండి, 1కి జత ఒమేగా అయిపోతుంది! జత ఒక్క మూలకానిది కాదు, మొత్తం బేసిస్‌ది. ఒమేగా, ఒమేగా+1 బేసిస్‌కైతే డ్యూయల్ అదే. ఇంత చేశాక పిల్లాడి మొహం చూడాల్సింది.

అకరణీయ సంఖ్యలకు రూట్ 2 చేర్చినా ఇంతే (అక్కడ ట్రేస్ అంటే సంఖ్యకు, రూట్ 2 గుర్తు మార్చిన అదే సంఖ్యను కలపడం), 1, రూట్ 2లకు డ్యూయల్ 1/2, రూట్ 2/4.

'దీంతో ఉపయోగమేంటి' అనేవాళ్లకు ఒక మాట. అంతరిక్ష నౌకల డేటాకు వాడే (255, 223) రీడ్-సాలమన్ కోడ్ (తప్పులు దిద్దే కోడ్; 255 గుర్తుల బ్లాకులో 223 అసలు డేటా) ప్రమాణంలో ఉన్నది డ్యూయల్ బేసిస్ రూపమే, గణితవేత్త బెర్లెకాంప్ చెప్పిన గుణకార పద్ధతితో సర్క్యూట్ చిన్నదవుతుందని. ఒక్కో బ్లాకులో 16 గుర్తుల దాకా తప్పులు దిద్దుతుంది. (గడియారం దగ్గర బజ్జీల బండి మీద నూనె మరకల క్యూఆర్ కోడ్ పనిచేసేది కూడా రీడ్-సాలమన్ వల్లనే, అయితే దానికి డ్యూయల్ బేసిస్‌తో పనిలేదు.)

కాబట్టి ఈసారి బిట్ బదులు ఎనిమిది మూలకాల ఫీల్డు లెక్క ఒకటి ఇవ్వండి. జవాబు మాత్రం మర్నాడు వెయ్యండి, అదే రోజు వేస్తే మావాళ్లు ముందు అదే చూస్తారు.

– ఒక లెక్కల మాస్టారు, నల్లగొండ