కవరులో ఒక రంగు పెచ్చు

బెర్లిన్,
మే మొదటి ఆదివారం, రాత్రి

అమ్మకి, నాయనకి,

ఇక్కడ నేను క్షేమం. మీరంతా బాగున్నారని తలుస్తాను. జేజి కంట్లో చుక్కల మందు ఎవరు వేస్తున్నారు? తమ్ముడి మీద వదిలేయొద్దమ్మా, వాడు రెండు పూటలు వేసి మూడో పూట మరిచిపోతాడు. నాయన మోకాలికి నేను పంపిన పట్టీ సరిపోయిందా లేదా అని మూడుసార్లు అడిగాను. మూడుసార్లూ మాట మార్చారు.

ఉద్యోగం బాగానే ఉంది. రాత్రి డ్యూటీలు తగ్గించారు. భాష పరీక్ష ఇంకొకటి రాయాలి. అంతే.

మొన్న నేను పంపిన గోడ బొమ్మల ఫోటో చూసి నువ్వు ఏడ్చావు. నాకది డ్యూటీ టైం, సరిగా మాట్లాడలేకపోయాను. "ఆ పిచ్చిగీతల సందుల్లో నీకేం పని, రౌడీలు తిరిగే చోటులా ఉంది" అన్నావు. ఆ రోజంతా ఆ మాటే మనసులో తిరిగింది. ఫోన్లో సగం చెప్పేలోపే తమ్ముడు లాక్కుంటాడు, అందుకే కూర్చుని రాస్తున్నా. నిదానంగా చదువుకో.

నేను ఒక్కదాన్నే వెళ్లలేదమ్మా. పట్టపగలు, పన్నెండు మందిమి, ముందు ఒక గైడు. నాతో పనిచేసే టర్కీ అమ్మాయి తీసుకెళ్లింది. ఈ ఊళ్లో గోడల మీద బొమ్మలు చూపించడానికే మనుషులున్నారు. వీధి వీధీ నడిపించి, ఏ బొమ్మ ఎవరు వేశారో, ఎందుకు వేశారో చెప్తారు. చివర్లో ఎవరికి తోచింది వాళ్లు చేతిలో పెడతారు. మూడు గంటలు నడిచాం, అలిపిరి నుంచి కొండెక్కినంత సేపు. మెట్లు మాత్రం లేవు.

నువ్వు ఫోటోలో చూసి భయపడిన పిచ్చిగీతలు పేర్లమ్మా. కుర్రాళ్లు తమకి తామే పెట్టుకున్న పేర్లు. ఒక్కొక్కరు ఒక్కో తీరుగా అక్షరం వంచుతారు, ఆ వంపు చూసి ఇది ఫలానావాడి చేయి అని పోల్చుకుంటారు. నాయన తను రాసిన ప్రతి కొట్టు బోర్డు కింద కుడి మూలలో చిటికెన వేలి గోరంత సంతకం పెట్టేవాడే, అలాంటిదే. గాంధీ రోడ్డులో మనం నడుస్తుంటే ఆ మూల చూసి "ఇది మా నాయనది" అని నేను అరిచేదాన్ని, గుర్తుందా. ఆ గీతలు చూసి నాకు భయం ఎందుకు వేస్తుంది?

నాయనా, మొదట చూపించిన బొమ్మ నువ్వు చూడాల్సింది. ఇంటి పక్క గోడ ఎంతుందో అంత పెద్ద మనిషి, అంతరిక్షంలో తేలుతున్నట్టు. నలుపొక్కటే, రెండో రంగు లేదు. 2007లో విక్టర్ ఆష్ అనే ఆయన వేశాడు. కింది నుంచి చూస్తే మెడ పట్టేసింది. నువ్వు సుద్ద దారం కొట్టి, కర్ర మీద చేయి ఆనించి, ఊపిరి బిగబట్టి గీత లాగడం గుర్తొచ్చింది. చివరి గీత అయ్యేదాకా నేను కూడా ఊపిరి బిగబట్టేదాన్ని.

ఆ పేట పేరు క్రాయిజ్‌బర్గ్. టర్కీ వాళ్లు ఎక్కువ. 1961లో జర్మనీ, టర్కీ ప్రభుత్వాలు ఒప్పందం చేసుకుని అక్కడి నుంచి కూలీలని పిలిపించారట. నన్ను తీసుకెళ్లిన టర్కీ అమ్మాయి వాళ్ల తాత అలా వచ్చినవాడే. రెండేళ్లు పనిచేసి వెనక్కి పోదామని వచ్చాడట. ఆ మాట చెప్పేటప్పుడు ఆ అమ్మాయి నా ముఖం చూడలేదు. అమ్మా, నేను అట్లా చేయను. జర్మన్ పరీక్షలు పూర్తి కానీ, నా లెక్క నాకుంది.

వాళ్ల కొట్లలో వంకాయలు, బెండకాయలు దొరుకుతాయి. రాగిపిండి మన వాళ్ల కొట్లో తెచ్చాను. పోయిన వారం సంగటి కెలికి, చెనిక్కాయల ఊరుబిండి చేసుకున్నా. రోలు లేదు, మిక్సీలో తిప్పితే నీ చేతి రుచి రాలేదు. తిండి మానడం లేదు, ఆ టెన్షన్ పెట్టుకోవద్దు.

ఒక చోట అందరూ కిందికి చూస్తున్నారు. బాట మీద రాళ్ల మధ్య అరచేయంత ఇత్తడి పలక. పది సెంటీమీటర్ల పొడవు, అంతే వెడల్పు. హిట్లర్ కాలంలో ఆ ఇంట్లో నుంచి పట్టుకుపోయి చంపిన మనిషి పేరు, పుట్టిన సంవత్సరం, పోయిన చోటు. గుంటర్ డెమ్నిగ్ అనే కళాకారుడు మొదలుపెట్టాడు, ఇప్పుడు చాలా ఊళ్లలో ఇలా వాళ్లు ఉన్న ఇళ్ల ముందే వేస్తున్నారు. చదవాలంటే తల వంచాలి, అది ఆయన ఉద్దేశమట. నాకు మాత్రం కాలు ముందుకి పడలేదు. మనిషి పేరు మీద కాలు పెట్టడమా! చెప్పు తగిలిందేమోనని వంగి వేళ్లతో తాకి కళ్లకద్దుకున్నా. గైడు చూశాడు గానీ ఏమీ అనలేదు, నేను లేచేదాకా ఆగాడు. మనిషి మంచివాడమ్మా.

ఇక నేను అసలు రాయాలనుకున్నది. నది దగ్గర ఒక ఖాళీ చోటు పక్కన రెండు పెద్ద బొమ్మలుండేవట. బ్లూ అనే ఇటలీ ఆయన వేసినవి. ఒక దానిలో టై సర్దుకుంటున్న మనిషి, చేతులకి బంగారు గడియారాలు, ఆ గడియారాలే సంకెళ్లు. ఆ బొమ్మల కోసం ఎక్కడెక్కడి జనమో వచ్చేవాళ్లు. ఆ పేరు చెప్పుకుని చుట్టుపక్కల ఇళ్ల అద్దెలు పెరగడం మొదలైంది, ఖాళీ చోట అపార్ట్‌మెంట్లు కట్టబోయారు. 2014 డిసెంబరులో ఆ బొమ్మలు వేసినవాళ్లే ఒక్క రాత్రిలో నల్లరంగు కొట్టేశారు.

గైడు ఇది చెప్పగానే మాతో ఉన్నవాళ్లందరూ అయ్యో అన్నారు. నేను అనలేదు. నాకు మన తిరుపతి గంగమ్మ జాతర ఆఖర్న గుడి ముందు తెల్లవారుజాము గుర్తొచ్చింది. మట్టితో అమ్మవారి విశ్వరూపం చేసి, ఆ కళ్లు, ఆ నాలుక, రాత్రంతా మనం చూస్తూ నిలబడి, చివరికి ఆ మట్టి ముఖం చెంప తీసే వేళకి జేజి నన్ను చంకలోకి ఎత్తుకునేది. అంత పెద్ద ముఖం మట్టిగా మారి చేతుల్లోకి వచ్చేది. జేజి తన వాటా పసుపుగుడ్డలో కట్టి బీరువాలో పెట్టుకునేది. నాకు జ్వరమొస్తే అదే కాస్త తడిపి నుదుట రాసేది.

ఈ సంగతి టర్కీ అమ్మాయికి చెప్పడం మొదలుపెట్టాను, గైడు కూడా విన్నాడు. జాతరలో జనం వేసే వేషాల గురించి అడిగారు. మంగళవారం అర్ధరాత్రి చాటింపు, ఆ తరవాత రోజుకొక వేషం అని చెప్పాను. బైరాగికి ఒళ్లంతా తెల్ల నామం, తోటికి బొగ్గు, దొరకి గంధం. ఊళ్లో ఆడపిల్లల్ని చెరిచిన పాలెగాడిని వెతుక్కుంటూ అమ్మవారు వేషాలు మార్చిందనీ, దొర వేషంలో వాడు దొరికాడనీ చెప్పాను. ఇంగ్లీషులో చెప్తుంటే నా గొంతు పట్టేసింది. అది మన వీధిలో, మన గొంతుతో చెప్పుకునే కథ కదా.

చివర్లో వంతెన దాటి గోడ దగ్గరికి వెళ్లాం. ఈ ఊరిని ఒకప్పుడు గోడ పెట్టి రెండు ముక్కలు చేశారమ్మా. 1961 ఆగస్టు 13న మొదలుపెట్టారు, 1989 నవంబరు 9 దాకా జనం ఇష్టమొచ్చినట్టు అటూ ఇటూ పోలేకపోయారు. 3.6 మీటర్ల ఎత్తు, అంటే రెండు నిలువులు. పడమటి వైపు వాళ్లు గోడ మీద బొమ్మలు వేసేవాళ్లు. తూర్పు వైపు దగ్గరికే రానివ్వలేదు కాబట్టి ఆ ముఖం తెల్లగానే ఉండిపోయింది. గోడ తెరుచుకున్నాక, 1990లో 21 దేశాల నుంచి 118 మంది వచ్చి ఆ తెల్ల ముఖం మీద బొమ్మలు వేశారు. నది ఒడ్డున 1316 మీటర్లు. ఒక చిన్న కారు గోడని చీల్చుకుని బయటికి వస్తున్నట్టు ఉంది ఒకటి, నంబరు ప్లేటు మీద ఆ నవంబరు 9 తేదీ.

నాయనా, థియరీ న్వార్ అని ఒకాయన గోడ నిలబడి ఉన్నప్పుడే, 1984 నుంచి వేశాడట. గోడ తూర్పు వాళ్ల నేల మీద కొంచెం లోపలికి కట్టారు, కాబట్టి దాని ముందు నిలబడినా తూర్పు సైనికులు వచ్చి పట్టుకుపోవచ్చు. అందుకని త్వరగా అయ్యే బొమ్మ కనిపెట్టాడు. పక్కకి తిరిగిన తలకాయ, పెద్ద పెదాలు, మూడే రంగులు. జాతర పొద్దున మన వాకిట్లో నలభై మంది పిల్లలు వరసలో నిలబడితే నువ్వు ఒక్కో ముఖానికి నాలుగు గీతలు లాగి "పో, తరవాతోడు" అనేవాడివి. ఆ తలకాయల ముందు నేను చాలాసేపు నిలబడిపోయాను.

2009లో ఎండకీ వానకీ పాడైన బొమ్మల్ని వేసినవాళ్లనే పిలిపించి మళ్లీ వేయించారట. కొంతమంది ఒప్పుకోలేదు గానీ చాలామంది వచ్చారు. ఇరవై ఏళ్లకి పిలిచారు నాయనా. నీ బోర్డుల మీద ఫ్లెక్సీలు కట్టినప్పుడు ఒక్కరూ ఒక మాట చెప్పలేదు. నువ్వు ఏమీ అనకుండా బ్రష్షులు కిరసనాయిల్లో కడిగి డబ్బాలో పెట్టేశావు. అప్పుడు నేను పదో తరగతి. నీతో ఏం మాట్లాడాలో తెలియక చదువుకుంటున్నట్టు కూర్చున్నా. ఇన్నేళ్లకి ఇప్పుడు రాస్తున్నా. నీ చేతి అక్షరం లాంటిది నేను ఈ ఊళ్లో కూడా చూడలేదు.

ఈ ఉత్తరం చేరేసరికి జాతర అయిపోతుంది. అందుకే మోకాలి సంగతి ఫోన్లో మళ్లీ అడుగుతాను. నాకు అమ్మవారు పోసినప్పుడు మొక్కుకున్నావు, ఏటా బైరాగి వేషం వేస్తున్నావు, నాకు తెలుసు. ఈ ఏడు తారురోడ్డు మీద ఒట్టి కాళ్లతో అంత దూరం వద్దు. తమ్ముడు వేస్తే మొక్కు చెల్లదా? జేజిని అడగండి, జేజి చెప్పినట్టు చేయండి. చాటింపు పడ్డాక ఊరు దాటకూడదు కాబట్టి, రెండేళ్ల కింద ఆ లోపలే నేను పొలిమేర దాటాలని టికెట్ ముందుకి జరిపించింది జేజే కదా.

ఇవాళ మళ్లీ ఆ టర్కీ అమ్మాయితో మావర్‌పార్క్ అనే చోటికి వెళ్లాను. అక్కడ మిగిలిన గోడ ముక్క మీద ఎవరైనా రంగు వేసుకోవచ్చు, పోలీసులు ఏమీ అనరు. ఒకరు వేసింది ఆరేలోపు ఇంకొకరు పైన వేస్తారు. అలా వేసి వేసి రంగు మందమై, దానంతట అదే ఊడి కింద పడుతుంది. ఒక పెచ్చు ఏరుకున్నా. అంచు చూస్తే ఉల్లిపాయ పొరల్లా ఉంది. ఎరుపు, దాని కింద తెలుపు, కింద వెండి రంగు, నీలం, మళ్లీ ఎరుపు. ముప్పై పొరల దాకా లెక్కపెట్టి ఆపేశాను. గోడ తెరిచిన రోజుల్లో జనం సుత్తులు, ఉలులు తెచ్చి ముక్కలు కొట్టుకుని ఇళ్లకి తీసుకుపోయారట. వాళ్లని గోడ వడ్రంగిపిట్టలు అని పిలిచేవాళ్లట. ఇప్పటికీ ఇళ్లలో దాచుకున్నవాళ్లున్నారు.

ఆ పెచ్చు ఈ కవరులో పెట్టాను. చెత్త అనుకుని పారేయొద్దమ్మా. నాయన బ్రష్షుల డబ్బాలో పెట్టు. పాత రంగు కదా, ముట్టుకున్నాక చేతులు సబ్బుతో కడుక్కోండి, పక్కింటి పిల్లలకి అందనివ్వొద్దు. ఈ ఏటి విశ్వరూపం మట్టి నా వాటాకి చిటికెడు జేజి గుడ్డలోనే కట్టించు. డిసెంబరులో వచ్చి తీసుకుంటా.

మీ కూతురు