కెనడా కుర్రవాడికీ ఎఫ్-1 నిబంధనలే

సంపాదకులకు నమస్కారం.

అమెరికా కళాశాలల్లో ఫుట్‌బాల్ (మనం ఆ పేరుతో పిలిచే సాకర్ కాదు, బంతిని చేత పట్టుకుని పరుగెత్తే ఆట) ఆడాలని పట్టుదలతో శ్రమిస్తున్న ఒక కెనడా కుర్రవాడిపై మీ ఆదివారం సంచికలో వచ్చిన వ్యాసాన్ని ఒంటారియోలోని బ్రాంప్టన్‌లో, మా అమ్మాయి ఇంట్లో కూర్చుని చదివాను. మన పాఠకులకు బొత్తిగా పరిచయం లేని ఆట గురించి అంత ఓపికగా రాసినందుకు ధన్యవాదాలు. అయితే, అమెరికా కళాశాలలు ఇప్పుడు ఆటగాళ్లకు నేరుగా డబ్బు చెల్లిస్తున్నాయి గనుక ఆ కుర్రవాడికి చోటు దొరికితే కుటుంబం కష్టాలు తీరినట్లేనన్న వాక్యాన్ని మాత్రం అలాగే వదిలేయడం నాకు సబబుగా తోచలేదు. ఆ డబ్బు అతని చేతికి అందడం చాలా కష్టం. అతని పాస్‌పోర్టే అందుకు అడ్డు. ఎఫ్-1, అంటే అమెరికా విద్యార్థి వీసా, అనే మాట వినని తెలుగు ఇల్లు అరుదైన ఈ రోజుల్లో ఈ సంగతి మన పాఠకులకు చెబితే ఇట్టే అర్థమవుతుందన్న నమ్మకంతో ఈ ఉత్తరం రాస్తున్నాను.

నేను తెనాలి ప్రాంతంలో 26 ఏళ్లు లెక్కల మాస్టారుగా పనిచేసి, విశ్రాంతి తీసుకున్నాక ఇక్కడికి వచ్చాను. మా రెండిళ్ల అవతల జమైకా నుంచి వచ్చి స్థిరపడిన కుటుంబం ఉంది. తల్లి సరుకుల గోదాములో రాత్రి షిఫ్టు చేస్తుంది. కొడుకు 12వ తరగతి చదువుతూ పాఠశాల జట్టులో రిసీవర్‌గా, అంటే విసిరిన బంతిని పరుగెత్తి అందుకునే ఆటగాడిగా ఉన్నాడు. రెండేళ్లుగా వారానికి మూడు సాయంత్రాలు మా వంటగదిలోని బల్ల దగ్గర కూర్చుని నా దగ్గర లెక్కలు చెప్పించుకుంటున్నాడు. మా మనవడిని చూసి తానూ నన్ను ‘తాతా’ అనే పిలుస్తాడు. బంతి తగిలి బెణికిన రెండు వేళ్లను కలిపి టేపు చుట్టుకుని, ఆ చేత్తోనే పెన్సిల్ పట్టుకుని వర్గ సమీకరణాలు సాధించడం నేను చాలాసార్లు చూశాను.

ఈ ఆట నాకు అర్థమైంది కూడా ఆ బల్ల దగ్గరే. ఒకరోజు బుట్టలోని నిమ్మకాయలు తీసి బల్ల మీద పేర్చాడు. కెనడా ఆటలో పక్షానికి 12 మంది, అమెరికా ఆటలో 11 మంది. ఒక నిమ్మకాయను తీసి మళ్లీ బుట్టలో వేస్తూ, ‘సరిహద్దు దాటితే వీడు ఉండడు తాతా’ అన్నాడు. కెనడా మైదానం 110 గజాల పొడవు, 65 గజాల వెడల్పు ఉంటే, అమెరికా మైదానం పొడవు 100 గజాలు, వెడల్పు 53 గజాల పైచిలుకు. పది గజాలు ముందుకు వెళ్లడానికి ఇక్కడ మూడు ప్రయత్నాలు, అక్కడ నాలుగు. వీటన్నిటికంటే అతన్ని ఎక్కువగా వేధించే తేడా మరొకటి ఉంది. కెనడా ఆటలో బంతి కదలక ముందే రిసీవర్, బంతి ఉంచిన గీత వైపు పరుగు అందుకోవచ్చు గనుక, ఆట మొదలయ్యే క్షణానికి అతను మంచి వేగం మీద ఉంటాడు. అమెరికాలో అలా చేస్తే తప్పు, నిలబడిన చోటి నుంచే బయలుదేరాలి. పదేళ్లుగా కాళ్లకు అలవాటైన లయను మార్చుకోవడానికి ఆ పిల్లవాడు అక్టోబరు చలిలో, ఖాళీ మైదానంలో ఒక్కడే నిలబడి, కదలకుండా ఉండటం సాధన చేస్తుంటే నేను కంచె ఇవతల నుంచి చూశాను. మొదటి అడుగు పడే ముందు భుజం కూడా కదలకూడదట. (బ్రిటిష్ కొలంబియా పాఠశాలల్లో అమెరికా నిబంధనలతోనే ఆడతారు కాబట్టి అక్కడి పిల్లలకు ఈ బాధ లేదు.)

నిజానికి ఈ ఆట అమెరికాలో ఇప్పుడున్న రూపానికి రావడంలో కెనడాకూ భాగముంది. 1874 మే నెలలో మాంట్రియల్‌లోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయం జట్టు హార్వర్డ్‌కు వెళ్లి రెండు రోజులు ఆడింది. ఒకరోజు హార్వర్డ్ నిబంధనలు, మరునాడు రగ్బీని పోలిన మెక్‌గిల్ నిబంధనలు. బంతిని చేత పట్టుకుని పరుగెత్తే ఆ పద్ధతి హార్వర్డ్ వారికి నచ్చడంతో, అమెరికా కళాశాలల్లో ఫుట్‌బాల్ ఆ దారి పట్టింది.

ఇక అసలు విషయానికి వస్తాను. ఆల్బెర్టాలోని షేర్‌వుడ్ పార్కులో పెరిగిన చుబా హబర్డ్ 2019లో ఓక్లహోమా స్టేట్ విశ్వవిద్యాలయం తరఫున బంతితో 2,094 గజాలు పరుగెత్తి, అమెరికా అగ్రశ్రేణి కళాశాల ఆటగాళ్లందరిలో మొదటి స్థానంలో నిలిచాడు. ఆ ఏడాది అతనికి ముట్టింది స్కాలర్‌షిప్పే. పక్కన ఆడే టెక్సాస్ కుర్రవాడికి దక్కిందీ అంతే. కళాశాల క్రీడల్ని నడిపే ఎన్‌సీఏఏ అప్పట్లో ఏ దేశపు ఆటగాడికైనా తన పేరును అమ్ముకునే హక్కు లేదనేది. ఆ నిబంధన అన్యాయమైనదే, కానీ అన్యాయం అందరికీ ఒకటిగానే ఉండేది. 2021 జూలై 1న ఆ నిషేధాన్ని ఎత్తేశారు. ఆటగాడు తన పేరుతో, రూపంతో ప్రకటనలు చేసి సంపాదించుకోవడానికి వీలు కలిగింది. ఆటగాళ్లు ఎన్‌సీఏఏపై వేసిన దావాలో 2025 జూన్ 6న ఫెడరల్ న్యాయస్థానం ఆమోదించిన రాజీతో, ఆ జూలై నుంచి కళాశాలలే ఆటగాళ్లకు నేరుగా చెల్లించడం మొదలైంది. మొదటి ఏడాది ఒక్కో కళాశాల అన్ని క్రీడలకూ కలిపి సుమారు 2 కోట్ల 5 లక్షల డాలర్ల వరకు పంచవచ్చు. మీ వ్యాసకర్త ప్రస్తావించిన డబ్బు ఇదే.

కెనడా పౌరుడు ఆడటానికి వెళ్లేది విద్యార్థి హోదాలో. మన పిల్లల్లాగా కాన్సులేటులో స్టాంపింగ్ కోసం నెలల తరబడి ఎదురుచూడనక్కరలేదు. కళాశాల ఇచ్చే ఐ-20 ప్రవేశ పత్రం, సెవిస్ అనే విద్యార్థుల నమోదు వ్యవస్థకు రుసుము కట్టిన రసీదు చూపిస్తే సరిహద్దులోనే ఎఫ్-1 హోదా ఇస్తారు. అతనికున్న వెసులుబాటు అంతటితో సరి. ఆ గీత దాటాక, డాలస్‌లో ఎంఎస్ చదివే గుంటూరు అమ్మాయికీ, అలబామాలో బంతి పట్టే బ్రాంప్టన్ అబ్బాయికీ వర్తించే నియమాలు ఒకటే. తరగతులు జరిగే రోజుల్లో క్యాంపస్‌లో వారానికి 20 గంటలకు మించి పని చేయకూడదు, అనుమతి లేకుండా బయట పని అసలే చేయకూడదు. ఊళ్లోని కార్ల దుకాణం వారి ప్రకటనలో నిలబడి నవ్వినందుకు పుచ్చుకునే డబ్బును వలస చట్టం ‘పని’గా లెక్కగట్టవచ్చు. కళాశాల నేరుగా ఇచ్చే సొమ్ము జీతమా, రాయల్టీ లాంటి ఆదాయమా అన్న ప్రశ్నకు స్పష్టమైన జవాబు లేదు. కొన్ని కళాశాలలు న్యాయవాదుల సలహాతో ఏవో మార్గాలు చూస్తున్నాయి. సెలవుల్లో స్వదేశానికి వచ్చినప్పుడు ఇక్కడే ప్రకటనలు చేసి సంపాదించుకునే వారూ ఉన్నారు. కానీ రేపు ఆ మార్గం తప్పని తేలితే హోదా పోగొట్టుకుని ఇంటికి రావలసింది పద్దెనిమిదేళ్ల విద్యార్థి. అతన్ని ఒప్పించిన కోచ్‌కు గానీ, సంతకం పెట్టించిన మధ్యవర్తికి గానీ ఏమీ కాదు.

టొరంటో నుంచి వెళ్లిన బాస్కెట్‌బాల్ ఆటగాడు జాక్ ఈడీ పర్డ్యూ విశ్వవిద్యాలయానికి ఆడుతూ 2023లోనూ 2024లోనూ దేశంలోకెల్లా ఉత్తమ కళాశాల ఆటగాడిగా ఎంపికయ్యాడు. అంతటివాడికి కూడా తన పేరు మీద సంపాదించుకోవడానికి ఈ విద్యార్థి హోదా అడ్డు తగిలింది. అతనికే తప్పనిది, ఏదో మధ్యతరహా కళాశాలలో మూడో వరుస రిసీవర్‌గా చేరే పిల్లవాడికి తప్పుతుందా? ఒకే మైదానంలో ఒకే దెబ్బలు తినే ఇద్దరిలో ఒకరికి చెల్లించి మరొకరికి పాస్‌పోర్టు చూసి ఆపేయడం అన్యాయమని నేను గట్టిగా నమ్ముతున్నాను. విద్యార్థి హోదాలోని క్రీడాకారులకు ఈ ఆదాయం విషయంలో స్పష్టమైన మినహాయింపు ఇవ్వడం అమెరికా ప్రభుత్వానికి అసాధ్యమైన పని కాదు. ఆ మినహాయింపు వచ్చేదాకా, అది ఉన్నట్లు రాయడం మాత్రం మనం మానుకోవాలి.

ఎందుకంటే ఆ ఆశ చూపించి డబ్బు గుంజేవారు ఇక్కడ ఉన్నారు. నిరుడు ఒక మధ్యవర్తి మా పొరుగింటికి వచ్చి, అబ్బాయి ఆట వీడియోలను వంద మంది కోచ్‌లకు పంపుతానని చెప్పి, ఆ తల్లి రెండు నెలల ఓవర్‌టైం సంపాదన తీసుకుపోయాడు. వీడియోలు వెళ్లిన మాట నిజమే గానీ, ఏ కోచ్ నుంచీ జవాబు రాలేదు. ఆ తరువాత మా మనవడు మైదానం గట్టు మీద నిలబడి ఫోనుతో తీసిన దృశ్యాలను కుర్రవాడు తానే కత్తిరించి, కోచ్‌లకు ఒక్కొక్కరికీ విడివిడిగా ఉత్తరం రాసి పంపాడు. ఈసారి ఏడుగురు బదులిచ్చారు. వారిలో ఇద్దరు ‘ఆఫర్’ అన్న మాట వాడారు. నోటిమాట ఆఫర్‌కు కట్టుబడి ఉండాల్సిన అవసరం కళాశాలకు లేదనీ, సంతకాలైన ఆర్థిక సహాయ ఒప్పందం చేతికి వచ్చినప్పుడే అది నిజమనీ ఆ ఇంట్లో అర్థం కావడానికి చాలా రోజులు పట్టింది. స్కాలర్‌షిప్పులు కూడా అన్ని చోట్లా ఒకలా ఉండవు. పెద్ద కళాశాలల్లో ట్యూషన్, వసతి, భోజనం, పుస్తకాలు అన్నీ కలిపి ఇస్తే, కింది స్థాయిలో దాన్ని ముక్కలు చేసి పంచుతారు. ఎన్‌సీఏఏలో అట్టడుగు స్థాయి అయిన మూడో డివిజన్‌లో ఆటకంటూ స్కాలర్‌షిప్పే లేదు. పైగా, కొత్త రాజీలో చేరిన కళాశాలల ఫుట్‌బాల్ జట్లు 105 మందికి మించకూడదు కాబట్టి, సొంత ఖర్చుతో చేరి కష్టపడి చోటు సంపాదించుకునే పిల్లలకు దారి మరింత ఇరుకైంది.

చదువు విషయంలో నిబంధనలు ఇంకా కఠినం, అవి కఠినంగా ఉండటమే మంచిదని నా అభిప్రాయం. మొదటి డివిజన్‌లో ఆడాలంటే ఉన్నత పాఠశాలలో 16 ముఖ్య కోర్సులు పూర్తి చేయాలి. వాటిలో నాలుగేళ్ల ఇంగ్లీషు, ఆల్జీబ్రా స్థాయి నుంచి మూడేళ్ల లెక్కలు ఉండాలి, మార్కుల సగటు నాలుగుకు 2.3కు తగ్గకూడదు. పదహారింటిలో పది కోర్సులు ఆఖరి సంవత్సరం మొదలుకాక ముందే అయిపోవాలి. ఒంటారియోలో మార్కులు పెంచుకోవడానికి పాఠశాలలో ఐదో ఏడాది కూడా ఉండిపోవడం చాలామంది పిల్లలకు మామూలే. అయితే తొమ్మిదో తరగతిలో చేరినప్పటి నుంచి నాలుగేళ్లలో చదివినవాటినే ఎన్‌సీఏఏ లెక్కిస్తుంది. ఆ తరువాత చదివినవాటిలో ఒక్క కోర్సుకు మించి ఒప్పుకోదు. ఈ సంగతి పదో తరగతిలోనే చెప్పేవారు లేక ఆగిపోయిన పిల్లల గురించి ఇక్కడి మైదానాల్లో తరచుగా వింటుంటాను. మా కుర్రవాడు నా దగ్గరకు వచ్చిందే పదకొండో తరగతి లెక్కల్లో తప్పుతానేమోనన్న భయంతో.

గాయాల మాట కూడా చెప్పాలి. బ్రాంప్టన్‌లోనే పెరిగిన జాన్ మెచీ అలబామా విశ్వవిద్యాలయానికి ఆడుతూ 2021 డిసెంబరులో మోకాలి స్నాయువు తెగి ఆటకు దూరమయ్యాడు. మరుసటి ఏడాది అమెరికా వృత్తి ఫుట్‌బాల్ లీగ్ అయిన ఎన్‌ఎఫ్‌ఎల్‌లోని ఒక జట్టు ఎంచుకున్నాక రక్త క్యాన్సర్ బయటపడింది. చికిత్స చేయించుకుని 2023లో మళ్లీ మైదానంలోకి వచ్చాడు. ఆ పేరు వినగానే మా వీధి పిల్లల కళ్లు మెరుస్తాయి. ఓక్‌విల్‌కు చెందిన కర్టిస్ రూర్క్ 2024లో ఇండియానా విశ్వవిద్యాలయం జట్టును, తెగిన మోకాలి స్నాయువుతోనే, జాతీయ ప్లేఆఫ్ దాకా నడిపించాడు. ఈ గాథలు విని పులకించడం సహజమే. కానీ తల్లి స్థానంలో కూర్చుని విన్నప్పుడు, ఆ మోకాలికి పదేళ్ల తరువాత వైద్యం చేయించేది ఎవరన్న ప్రశ్న వస్తుంది.

సరిహద్దు దాటకపోతే కల ముగిసినట్లే అన్నట్లుగా మీ వ్యాసం సాగింది. కెనడా విశ్వవిద్యాలయాల్లో 27 ఫుట్‌బాల్ జట్లున్నాయి, 1965 నుంచి వాటి జాతీయ టైటిల్ కోసం వానియే కప్ పోటీ జరుగుతోంది. అక్కడ ఆటకు ఇచ్చే సహాయం ట్యూషన్, తప్పనిసరి రుసుములకు మించదు, వసతి ఖర్చు ఇంటివారిదే. ఆ మాట నిజమే అయినా, అక్కడ ఆడే కెనడా కుర్రవాడికి వీసా భయం లేదు, వేసవిలో ఏ పనైనా చేసుకోవచ్చు. లోరాన్ దువెర్నే-తార్దిఫ్ మెక్‌గిల్‌లో వైద్యం చదువుతూ, అక్కడి జట్టుకే ఆడుతూ 2014లో ఎన్‌ఎఫ్‌ఎల్‌లోని కాన్సస్ సిటీ జట్టుకు ఎంపికయ్యాడు. 2018లో డాక్టరయ్యాడు, 2020 ఫిబ్రవరిలో ఎన్‌ఎఫ్‌ఎల్ ఫైనల్ అయిన సూపర్ బౌల్ గెలిచాడు. ఆ ఏడాది కోవిడ్ వచ్చినప్పుడు ఆట సీజన్ వదులుకుని క్యూబెక్‌లో వృద్ధుల సంరక్షణ కేంద్రంలో పనిచేశాడు. అందరూ అతనిలా కాలేరు, కానీ ఆ దారి ఒకటుందని పిల్లలకు తెలియాలి.

మా పొరుగు కుర్రవాడిని వెళ్లవద్దని నేను ఏనాడూ అనలేదు. వెళ్లాలనే అతని కోరిక, వెళ్లగలడనే నా నమ్మకం. పోయిన గురువారం రాత్రి, షిఫ్టుకు బయలుదేరే ముందు, ఆ తల్లి మా వంటగదిలో నిలబడే ఒక అమెరికా కోచ్‌తో ఫోనులో మాట్లాడింది. మేం ముగ్గురం కలిసి రాసుకున్న నాలుగు ప్రశ్నలు కాగితం మీద ఆమె చేతిలో ఉన్నాయి. స్కాలర్‌షిప్ ఏడాదికా, నాలుగేళ్లకా? గాయపడితే ఉంటుందా? ఎఫ్-1 విద్యార్థికి మీ కళాశాల ఇప్పటిదాకా ఏమైనా చెల్లించిందా, చెల్లిస్తే ఏ పద్ధతిలో? కోచ్ మారితే ఈ మాట నిలుస్తుందా? ఆయన మర్యాదగానే మాట్లాడాడు, మూడో ప్రశ్న దగ్గర కాసేపు ఆగాడు, అంతర్జాతీయ విద్యార్థుల కార్యాలయాన్ని అడిగి రాతపూర్వకంగా పంపుతానన్నాడు. ఆ ఉత్తరం ఇంకా రాలేదు. ఈలోగా మేమిద్దరం త్రికోణమితి మొదలుపెట్టాం.

భవదీయుడు,
ఒక విశ్రాంత గణిత ఉపాధ్యాయుడు,
బ్రాంప్టన్, ఒంటారియో