సముద్రం అడుగున తంతి

ఒరేయ్ రామం,

1858లో సముద్రం అడుగున వేసిన తొలి అట్లాంటిక్ టెలిగ్రాఫ్ తీగ మీద విక్టోరియా రాణి పంపిన 98 మాటల సందేశం అవతలికి చేరడానికి 16 గంటలు పట్టిందంటే నమ్మలేకపోయావు కదా. "కరెంటు అంత నెమ్మదిగా నడుస్తుందేంట్రా, తీగలో ఎక్కడైనా చిక్కుకుందా?" అని అడిగావు. చిక్కుకుందనే అనుకో. ఫోన్లో చెప్తే సగం గాలికి పోతుంది, అందుకే కూర్చుని రాస్తున్నాను.

ముందు ఆ తీగ ఎలా ఉండేదో చూడు. మధ్యలో ఏడు సన్నటి రాగి తీగలు పెనవేసి ఉండేవి. ఒక్కో నాటికల్ మైలుకి రాగి 107 పౌన్లు, అంటే దాదాపు 48 కిలోలు. దానిమీద మూడు పూతలుగా గట్టాపర్చా, 261 పౌన్లు. గట్టాపర్చా అంటే మలయా అడవుల్లో చెట్ల పాలు గడ్డకట్టించి తీసే పదార్థం. వేడినీళ్ళలో మైనంలా మెత్తబడుతుంది, చల్లటి సముద్రంలో గట్టిగా నిలుస్తుంది, నీళ్ళని లోపలికి రానివ్వదు. దాని మీద జనపనార, ఆ పైన ఇనప తీగల కవచం. సగం తీగని ఒక కంపెనీ, సగాన్ని ఇంకో కంపెనీ చేశాయి. ఒకరు ఇనప తీగల్ని కుడివైపు మెలితిప్పారు, ఇంకొకరు ఎడమవైపు! రెండింటినీ నడిసముద్రంలో కలిపి వదిలితే ఒకదాని మెలిక ఇంకోదాన్ని విప్పేస్తుంది. మధ్యలో ప్రత్యేకమైన బిగింపు పెట్టి నెట్టుకొచ్చారు. ఇంకా ఘోరం ఏమిటంటే, ఓడెక్కేలోపు ఆ చుట్టలు ఎండలో పడి ఉన్నాయి. గట్టాపర్చా మెత్తబడితే లోపలి రాగి ఓ పక్కకి జారిపోతుంది. అక్కడ రాగికీ సముద్రానికీ మధ్య పలచటి పొర ఒక్కటే మిగులుతుంది.

ఇక నీ ప్రశ్న. స్తంభాల మీద తీగకి ఈ బాధ లేదు, చుట్టూ గాలే. సముద్రంలో తీగకి లోపల రాగి, మధ్యలో గట్టాపర్చా, బయట ఉప్పునీరు. అది వేల మైళ్ళ పొడవున్న ఒకే ఒక్క కెపాసిటర్, అంటే కరెంటుని తనలో నింపి దాచుకునేది. ఐర్లండ్‌లో మీట నొక్కితే ముందు ఆ కెపాసిటర్ నిండాలి, ఆ తర్వాతే అవతలి అమెరికా ఒడ్డున, న్యూఫౌండ్‌లాండ్‌లో కరెంటు కనిపిస్తుంది. మీట వదిలాక అంతా ఖాళీ అవ్వాలి. ఖాళీ అయ్యేలోపు రెండోది నొక్కితే రెండూ కలిసి ముద్దయిపోతాయి. పొడవు రెట్టింపైతే రెసిస్టెన్స్ (కరెంటుకి తీగ పెట్టే అడ్డు) రెట్టింపు, కెపాసిటీ కూడా రెట్టింపు, కాబట్టి ఆలస్యం నాలుగింతలు. భౌతిక శాస్త్రవేత్త విలియం థామ్సన్ ఈ సంగతి తీగ వేయకముందే లెక్కకట్టి చెప్పాడు.

తీగ వేయించిన కంపెనీ ఎలక్ట్రీషియన్ వైల్డ్‌మన్ వైట్‌హౌస్ ఆ లెక్క ఒప్పుకోలేదు. ఆయన చదివింది వైద్యం. గట్టిగా తోస్తే త్వరగా పోతుందనుకుని వోల్టేజిని పెంచే అయిదడుగుల ఇండక్షన్ కాయిళ్ళతో దాదాపు 2000 వోల్టులు ఎక్కించాడు. వోల్టేజి పెంచితే అవతల వచ్చే కరెంటు పెద్దదవుతుంది గానీ, అది పైకి లేవడానికి పట్టే సమయం రవ్వంత కూడా తగ్గదు. పైగా ఆ పలచటి చోట్ల గట్టాపర్చా తూట్లు పడుతుంది. ఆగస్టు 5న ఒడ్డు చేరిన తీగ సెప్టెంబరు మొదట్లోనే మూగబోయింది. తప్పంతా వైట్‌హౌస్ నెత్తిన వేస్తుంటారు, అది నాకు న్యాయం అనిపించదు. ఆ తీగ పుట్టుకతోనే రోగిష్టిది, ఆయన దాన్ని తొందరగా చంపాడు, అంతే. ఆ కొద్ది రోజుల్లోనే అది మన దేశానికి సంబంధించిన కబురొకటి మోసింది. 1857 తిరుగుబాటుని అణచడం కోసమని కెనడా నుంచి కదలాల్సిన రెండు పటాలాలని ఇక రావద్దని ఆపించింది. ఆ ఒక్క కబురుతో 50,000 పౌన్ల డబ్బు మిగిలిందంటారు.

థామ్సన్ దారి వేరు. పంపేది పెంచకుండా, అందుకునేదాన్ని సున్నితం చేశాడు. చిన్న అద్దం వెనక అయస్కాంతీకరించిన గడియారం స్ప్రింగు ముక్కలు అతికించి, ఒక్క పట్టుపోగుతో తీగచుట్ట మధ్యలో వేలాడదీశాడు. దీపం వెలుగు అద్దం మీద పడి ఎదుటి స్కేలు మీద చుక్కలా కదులుతుంది. వెలుగు ఎడమకి జరిగితే మోర్స్ సంకేతాల్లో చుక్క, కుడికి జరిగితే గీత. ఇది నువ్వు ఇంట్లోనే చేసి చూడాలిరా.

రెండు సెంటీమీటర్ల ప్లాస్టిక్ గొట్టం మీద 34 గేజి వైండింగ్ తీగ 150 చుట్లు, అర సెంటీమీటరు ఖాళీ, మళ్ళీ అదే దిశలో 150. పొరమీద పొర వేసి చుట్టు, వెడల్పు పెంచకు. ఖాళీలో చిన్న బెజ్జం పెట్టు. జాకెట్ల మీద కుట్టే సన్నటి అద్దం బిళ్ళ ఒకటి తీసుకో. వెనక రెండు మూడు సూది ముక్కలు అడ్డంగా, అన్నీ ఒకే దిశలో అయస్కాంతీకరించి, రవ్వంత జిగురుతో అతికించు. జిగురు ఎక్కువైతే అద్దం బరువెక్కి ఊగుడు ఆగదు. పట్టుదారం విడదీసి ఒకే పోగుతో ఆ బెజ్జంలోంచి గొట్టం మధ్యలోకి వేలాడదియ్యి. నూలుదారం వద్దు, తేమకి మెలితిరిగి చుక్కని తిప్పేస్తుంది. అద్దం ఉత్తర-దక్షిణాలుగా నిలుస్తుంది కాబట్టి గొట్టాన్ని తూర్పు-పడమరలుగా పెట్టు. గొట్టం నోట్లోంచి లేజరు టార్చి వేసి, చుక్క రెండు మీటర్ల దూరంలో గోడమీద పడేట్టు చూసుకో. కిరణం ఎవరి కళ్ళ ఎత్తులోనూ ఉండకూడదు. ఫ్యాను కట్టెయ్, గొట్టం రెండు కొసలూ గాజుపలకతో మూసెయ్.

గోడగడియారం సెల్లు ఒకటి, దానికి వరసలో 150 కిలో ఓమ్‌ల రెసిస్టర్ పెట్టి తీగచుట్ట కొసలకి తగిలించు. 10 మైక్రోఆంపియర్లకి చుక్క సుమారు సెంటీమీటరు జరుగుతుంది. రెసిస్టర్ మర్చిపోతే అద్దం గిర్రున తిరిగిపోతుంది.

ఇప్పుడు రెసిస్టర్ తీసేసి నీ సముద్రం కట్టు. 10 కిలో ఓమ్‌లు వరసలో, దాని తర్వాత 47 మైక్రోఫారడ్‌ల కెపాసిటర్ భూమికి, అంటే సెల్లు మైనస్ కొసకి కలిపిన ఉమ్మడి తీగకి. ఇలాంటి మెట్లు పది. అవతలి కొసకీ భూమికీ మధ్య మన అద్దం తీగచుట్ట. మీట నొక్కినప్పుడు సెల్లు, వదిలినప్పుడు భూమి తగిలేట్టు రెండువైపుల స్విచ్చి పెట్టు, లేకపోతే తీగ ఖాళీ అవ్వదు. నొక్కాక చుక్క తన పూర్తి దూరంలో సగం చేరడానికి ఆరేడు సెకన్లు పడుతుంది. తర్వాత అయిదు మెట్లే ఉంచి చూడు, సెకనున్నర చాలు. చుక్క జరిగే దూరం పోల్చకు, అది ఎలాగూ రెట్టింపవుతుంది, సమయాన్నే పోల్చు. కుడి ఎడమలు రెండూ పంపాలంటే మామూలు ఎలక్ట్రొలైటిక్ కెపాసిటర్లు పనికిరావు, తిరగేస్తే కరెంటు కారిపోతుంది. నాన్‌పోలార్‌వి కొనుక్కో.

1866లో గ్రేట్ ఈస్టర్న్ ఓడ వేసిన తీగలో నాటికల్ మైలుకి రాగి 300 పౌన్లు, గట్టాపర్చా 400. రాగి లావైతే రెసిస్టెన్స్ తగ్గుతుందని థామ్సన్ మొదటినుంచీ మొత్తుకున్నదే. ముందు ఏడాది సముద్రంలో తెగిపోయినదాన్ని కూడా వెతికి పైకి లాగి పూర్తిచేశారు. అప్పుడు లాటిమర్ క్లార్క్ అనే ఇంజినీరు ఏం చేశాడో తెలుసా? రెండు తీగల్నీ న్యూఫౌండ్‌లాండ్‌లో కలిపించి, ఐర్లండ్‌లో కుట్టుపనికి వేలికి పెట్టుకునే వెండి అంగుళిత్రాణంలో కాస్త ఆమ్లం, చిన్న జింకు ముక్క వేసి, దాన్నే బ్యాటరీ చేసుకున్నాడు. ఆ కరెంటు సముద్రం అవతలికి పోయి, తిరిగొచ్చి, అద్దాన్ని కదిపింది. రెండు వేల వోల్టులతో కాని పని ఒక్క వోల్టు దరిదాపుల్లో అయిపోయింది!

1870లో బొంబాయికీ ఇలాంటి తీగే వచ్చింది. మన తాతలు టెలిగ్రాంని ఊరికే 'తంతి' అనలేదురా, వీణకి ఉండేదీ తంతే.

అద్దం బిళ్ళలు ఓ పది కొనుక్కో, మొదటి రెండుమూడు జిగురులోనే పోతాయి. మెట్లు కట్టాక పదికి ఎన్ని సెకన్లు, అయిదుకి ఎన్ని వచ్చాయో రాసి పంపు. నాలుగింతలు రాకపోతే ఆ కెపాసిటర్లు ఏ రకమో కూడా రాయి.

నీ
సూరి