ఏ ఖండం నుంచీ విడిపోని దీవులు

సంపాదకులకు నమస్కారం.

దక్షిణ అట్లాంటిక్‌లోని ట్రిస్టన్ ద కున్యా దీవుల ప్రస్తావన పత్రికల్లో వచ్చినప్పుడల్లా, మనుషులు ఉంటున్న దీవుల్లోకెల్లా మారుమూలది అన్న ఒక్క విశేషం దగ్గరే కథనం ఆగిపోతోంది. సెయింట్ హెలీనాకు సుమారు 2,400 కిలోమీటర్లు, కేప్‌టౌన్‌కు సుమారు 2,800 కిలోమీటర్ల దూరమన్న మాట నిజమే. అయితే ఆ దూరం కన్నా నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది, ఆ దీవులు ఎన్నడూ ఏ ఖండంలోనూ భాగం కాకపోవడం.

భూమి లోతుల నుంచి ఉబికిన శిలాద్రవం సముద్రపు అడుగును చీల్చుకుని, పొర మీద పొరగా పేరుకుని, నీటిపైకి లేచిన కొండలివి. నైటింగేల్ దీవి వయసు కోటీ ఎనభై లక్షల ఏళ్లకు దగ్గరగా ఉంటే, పొరుగునే 2,062 మీటర్ల ఎత్తున నిలిచిన ట్రిస్టన్ వయసు దాదాపు రెండు లక్షల ఏళ్లే. అక్కడి అగ్నిపర్వతం ఇంకా చల్లారలేదు. 1961 అక్టోబరులో ఊరి పక్కనే నేల పగిలి లావా వెలువడితే, 264 మంది దీవివాసులను ఇంగ్లండ్‌కు తరలించవలసి వచ్చింది. వారిలో అత్యధికులు 1963లో తిరిగి వచ్చేశారు.

ఇలా పుట్టిన నేల మీదికి ఏ ప్రాణి అయినా ఎగిరి రావాలి, లేదా కొట్టుకురావాలి. ఈ దీవుల్లోనే ఒకటైన ఇన్‌యాక్సెసబుల్‌లో తప్ప మరెక్కడా కనిపించని ఒక పిట్ట విషయంలో శాస్త్రజ్ఞులు తొలుత పొరబడింది ఇక్కడే. నీటికోళ్ల కుటుంబానికి చెందిన ఆ పిట్ట ఎగరలేదు కనుక, మునిగిపోయిన నేల మీదుగా నడిచి వచ్చి ఉంటుందని ఊహించి, సముద్రంలో మునిగిపోయిందని కథల్లో చెప్పే అట్లాంటిస్ దీవిని తలపించేలా దాని ప్రజాతికి అట్లాంటీసియా అని పేరుపెట్టారు. దాని పూర్వీకులు సుమారు 15 లక్షల ఏళ్ల కిందట దక్షిణ అమెరికా నుంచి ఎగిరే వచ్చాయని 2018లో వెలువడిన డీఎన్ఏ పరిశోధన తేల్చింది. నేల మీద వేటాడే జంతువులు లేనిచోట తరాలు గడిచేకొద్దీ రెక్కలు చిన్నబోయాయి. నలభై గ్రాములకు అటూ ఇటూ తూగే ఈ పిట్ట, దుబ్బుగడ్డి మొదళ్ల మధ్య సొరంగాల్లాంటి బాటల్లో ఎలుకలా పరుగెడుతూ పురుగులను ఏరుకుతింటుంది.

అసలైన ఎలుక అక్కడ కాలుపెడితే మాత్రం ఈ పిట్టకు తప్పించుకునే దారి ఉండదు. 1882లో ఓ ఓడ ఒడ్డుకు కొట్టుకువచ్చి పగిలినప్పుడు ట్రిస్టన్ మీదికి నల్ల ఎలుకలు దిగాయి. 2011లో ఒలీవా అనే సరుకు ఓడ నైటింగేల్ వద్ద రాళ్లెక్కినప్పుడు చమురు పూసుకున్న వేలాది పెంగ్విన్లను ప్రపంచం చూసింది. ఓడలోంచి ఎలుకలు దిగుతాయేమోనన్న భయమూ అప్పుడు తలెత్తింది. ఇన్‌యాక్సెసబుల్‌కు ఎలుకలు ఇంకా చేరలేదు. ఇకపై ఆ దీవుల గురించి రాసేటప్పుడు దూరంతో పాటు ఈ పిట్టనూ, దానికి పొంచి ఉన్న ముప్పునూ పాఠకులకు చెప్పవలసిందిగా కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు