సీరియల్లో చేరిన మా అమ్మాయికి

అమ్మలూ,

అసిస్టెంట్ డైరెక్టర్‌గా పని దొరికిందన్న సంతోషం కంటే, అది సినిమా కాదు సీరియలే కదా అన్న దిగులే నీ మాటల్లో ఎక్కువ వినిపించింది. దీని గురించి ఒక మనిషి సంగతి నీకు చెప్పాలి, ఆయన పేరు మైకేల్ ఆప్టెడ్.

ఇంగ్లండ్‌లో 1941లో పుట్టాడు. కేంబ్రిడ్జ్‌లో చదువయ్యాక మాంచెస్టర్‌లో గ్రెనడా టీవీలో ట్రైనీగా చేరాడు. 1964లో 'సెవెన్ అప్' అనే డాక్యుమెంటరీకి ఆయన డైరెక్టర్ కూడా కాదు, డైరెక్టర్ పాల్ ఆల్మండ్. ఆప్టెడ్ పనల్లా ఏడేళ్ళ పిల్లల్ని వెతకడం. డబ్బున్నవాళ్ళ బళ్ళ నుంచి, లండన్ ఈస్ట్ ఎండ్ నుంచి, యార్క్‌షైర్ పల్లె నుంచి మొత్తం 14 మందిని పోగేశారు. ఏ ఇంట్లో పుట్టారన్నదాన్ని బట్టే ఈ పిల్లల బతుకు ముందే ఖాయమైపోతోందా అన్నది వాళ్ళ ప్రశ్న. ఒక్కసారి వేసి వదిలేసే ప్రోగ్రామ్ అది. కానీ ఆ పిల్లలకి పధ్నాలుగేళ్ళు వచ్చాక ఆప్టెడ్ మళ్ళీ వెళ్ళాడు, ఈసారి డైరెక్టర్‌గా, ఆ తర్వాత 21కి, 28కి, అలా ప్రతి ఏడేళ్ళకీ వెళ్తూనే ఉన్నాడు, 2019లో వాళ్ళకి 63 వచ్చేదాకా.

ఈలోగా ఆయనకి వేరే పని లేక కాదు. 'కరోనేషన్ స్ట్రీట్' అని అక్కడ ఏళ్ళ తరబడి నడుస్తున్న సీరియల్ ఉంది, దానికి ఎపిసోడ్లు తీశాడు. హాలీవుడ్ వెళ్ళి 1980లో లొరెట్టా లిన్ అనే గాయని జీవితం మీద 'కోల్ మైనర్స్ డాటర్' తీస్తే సిస్సీ స్పేసెక్‌కి ఆస్కార్ వచ్చింది. 1988లో 'గొరిల్లాస్ ఇన్ ద మిస్ట్', 1999లో ఏకంగా జేమ్స్ బాండ్ సినిమా. అంత పెద్ద సినిమాలు చేస్తూ కూడా ఏడేళ్ళు తిరిగేసరికి ఆ పిల్లల్లో పెద్దయ్యి టాక్సీ డ్రైవర్ అయినవాడి ఇంటికో, లైబ్రరీ ఉద్యోగి అయినామె దగ్గరికో కెమెరా పట్టుకుని వచ్చేవాడు. 'కోల్ మైనర్స్ డాటర్'లో అమెరికాలోని కెంటకీ బొగ్గు గనుల ఊళ్ళలో అక్కడి మామూలు జనాన్నే తెర మీదికి తెచ్చి అంత సహజంగా చూపించగలిగాడంటే, ఆ నేర్పు టీవీలోనే వచ్చిందని నా గట్టి నమ్మకం.

అన్నీ బాగానే చేశాడని కాదు. ఆ 14 మందిలో టోనీ అని ఈస్ట్ ఎండ్ కుర్రాడు, గుర్రప్పందాల్లో జాకీ అవ్వాలని చిన్నప్పట్నుంచీ కల. 21 ఏళ్ళప్పుడు వాడు ఎలాగూ జైలుకే పోతాడని ఆప్టెడ్ మనసులో అనేసుకుని, నేరాలు జరిగే చోట్లన్నీ వాడి చేత కారు తిప్పిస్తూ షూట్ చేశాడు, తర్వాత వాడుకోవచ్చని. టోనీ మాత్రం టాక్సీ పరీక్ష పాసై, పెళ్ళి చేసుకుని, పిల్లల్ని పెంచుకున్నాడు. మనుషుల భవిష్యత్తు మనమే తేల్చేయడం ఎంత తప్పో ఆ తర్వాత ఆప్టెడే ఒప్పుకున్నాడు. 14 మందిలో ఆడపిల్లలు నలుగురే అన్నది కూడా ఆయన్ని చివరిదాకా బాధపెట్టింది.

ఆ నలుగురిలో జాకీ అనే ఆమె (పేరే జాకీ, గుర్రాల సంగతి కాదు) వాళ్ళకి 49 ఏళ్ళప్పుడు తీసిన '49 అప్'లో కెమెరా నడుస్తుండగానే ఆయన్ని కడిగేసింది. మా గురించి నువ్వు ముందే ఏదో అనుకుని వస్తావు, ఎడిటింగ్‌లో నీకు కావాల్సినట్టు చూపిస్తావు అని దాని సారాంశం. ఆయన ఆ ముక్క తీసెయ్యలేదు, టీవీలో అందరూ చూసేలా అలాగే ఉంచాడు. నాకైతే ఆయన ఉద్యోగ జీవితం మొత్తంలో బాండ్ సినిమా కంటే అదే పెద్ద పని.

ఆయన 2021 జనవరిలో పోయాడు. వీలు చూసుకుని 'సెవెన్ అప్' నుంచి అన్నీ వరసగా చూడు, మధ్యలోవి వదలకు. జాకీ దగ్గరికి వచ్చాక, ఎడిటింగ్ టేబుల్ ముందు నువ్వే కూర్చుని ఉంటే ఆ ముక్క ఉంచేదానివో కత్తిరించేదానివో నిజం ఆలోచించుకుని నాకు రాయి.

నాన్న